ఖాళీ బ్యారన్ నిశ్శబ్దం

మా మావయ్య మాల్యాద్రి ఊరికి వచ్చినప్పుడల్లా నన్ను వెంటబెట్టుకుని నిశ్శబ్దాలు పట్టడానికి వెళ్ళేవాడు.

వినేవాళ్ళకు ఇది నవ్వులాటగా ఉంటుందేమో. సినిమాల్లో శబ్దం పని చేసేవాళ్ళకు మాత్రం అది రోజూ ఉండే పనే. ఒక చోట షూటింగ్ ముగియగానే అందరినీ కదలకుండా నిలబెట్టి, ఆ చోటి నిశ్శబ్దాన్ని అరనిమిషం రికార్డు చేసుకుంటారు. ఏ చోటూ పూర్తిగా నిశ్శబ్దంగా ఉండదట. ఖాళీ గదిలో కూడా గాలి ఉంటుంది, ఎక్కడో దూరాన మోటారు ఉంటుంది, దూలంలో పురుగు ఉంటుంది. సినిమాలో మాటకూ మాటకూ మధ్య ఆ నిశ్శబ్దాన్ని పరవకపోతే చూసేవాళ్ళకు చెవుల్లో దూది పెట్టినట్టు ఉంటుందని మావయ్య చెప్పేవాడు.

అలా మేము బడి వరండా నిశ్శబ్దం పట్టాం. శనగచేను నిశ్శబ్దం పట్టాం. మావయ్య కళ్ళు మూసుకుని, హెడ్‌ఫోన్లు పెట్టుకుని నిలబడితే నేను కేబుల్ పట్టుకుని పక్కన నిలబడేదాన్ని.

"మిగతా పిల్లకాయలు ముక్కు ఎగబీలుస్తారక్కా, గోక్కుంటారు. ప్రసూన నిలబడితే మైకుక్కూడా తెలవదు" అని అమ్మతో గర్వంగా చెప్పేవాడు.

బడిలో గాని చుట్టాల ముందు గాని నేను నోరు విప్పేదాన్ని కాదు. అందరూ విసుక్కునే ఆ గుణాన్ని మెచ్చుకున్న మనిషి మావయ్య ఒక్కడే.

ఆయన మా అమ్మ మస్తానమ్మకు తమ్ముడు. పదిహేడేళ్ళప్పుడు ఇంట్లో చెప్పకుండా మద్రాసు రైలెక్కాడు. మొదట దొరికింది పొడుగు కర్ర చివర మైకు కట్టి నటుల తలల మీద పట్టుకునే పని. కర్ర నీడ బొమ్మలో పడితే తిట్లు, చెయ్యి వణికితే తిట్లు. తర్వాత చీకటి గదిలో తెర ముందు నిలబడి, బొమ్మలో జరిగే చప్పుళ్ళను చేతులతో కాళ్ళతో పుట్టించే పనిలో చేరాడు. తెర మీద పట్టుచీరలో నడిచివచ్చిన ఎందరో పెళ్ళికూతుళ్ళ అడుగులు, గాజులు మా మావయ్యవే. ఆ తర్వాత షూటింగ్ జరిగే చోటే మాటలు పట్టే రికార్డిస్టు అయ్యాడు. కాని ఆయన పట్టిన మాటలు ఏ సినిమాలోనూ మిగల్లేదు. జనరేటర్ రొద పడిందనో, కాకి అరిచిందనో, "డబ్బింగ్‌లో చూసుకుందాంలే మాల్యాద్రీ" అనేవాళ్ళు దర్శకులు. అడవిలో ఏడ్చిన మనిషిని మళ్ళీ ఏసీ గదిలో ఏడిపించి ఆ ఏడుపును అతికించేవాళ్ళు. ముప్పై ఏళ్ళు ఆ మాట విన్నాక, ఆ మాట తనతో ఎవరూ అనలేని చోటికి వెళ్ళాలని ఆయనే నిర్మాత అయ్యాడు.

ఆయన మొదలుపెట్టిన సినిమా పొగాకు రైతుల కథ. కందుకూరు పక్కన మా ఊళ్ళోనే తీయాలని, అందులో ఒక్క మాట కూడా డబ్బింగ్ చెప్పించకూడదని ఆయన పంతం. ఆ పంతం నెగ్గడానికి ఒక పెట్టె తెచ్చాడు. దాని పేరు మూత.

మా ఇంటి ఎదురుగా పిండిమర ఉంది. అది తిరుగుతుంటే ఇంట్లో ఒకరి మాట ఒకరికి వినబడదు. మావయ్య గోడలకు చొక్కా గుండీలంత బిళ్ళలు నాలుగైదు అంటించి, పెట్టె మీద మీట నొక్కాడు. మర ఆగినట్టే అయింది. కాని పట్టా తిరుగుతూనే ఉంది, పిండి డబ్బాలో పడుతూనే ఉంది. మర నడిపే హజరతయ్య కంగారుపడి దాని మీద చెయ్యి వేసి చూశాడు.

"అదురుతానే ఉంది! ఏందయ్యా ఇది, నా మరకు చేతబడి చేశావా?"

చేరినవాళ్ళందరూ నవ్వారు. మా అమ్మమ్మ అరుగు మీద కూర్చుని తాపీగా చూస్తోంది. ఆమెకు చెవులు పోయి చాలా ఏళ్ళయింది. పెదాలు చూసి మాట పోల్చుకుంటుంది.

"ఇందులో వింతేముందిరా? నాకు ఎప్పట్నించో ఇట్టనే ఉంది గదా. నాకు పెట్టె ఖర్చు కూడా కాలా" అంది. మళ్ళీ నవ్వులు.

అమ్మ మాత్రం నవ్వలేదు. "అదేం చేస్తదో సరిగ్గా చెప్పరా" అంది.

"ముందు దీనికి ఒక నిశ్శబ్దం వినిపిస్తానక్కా. అందులో ఏమేం ఉండాయో అదంతా చెత్త అని చెప్తా. అప్పట్నించీ ఆ చెత్త యాడ పుట్టినా, దానికి సరిగ్గా ఎదురు చప్పుడు పంపి గాల్లోనే అణిచేస్తది. ఒక్క కొస దొరికితే చాలు, మిగతాదంతా అదే లాక్కుంటది. రోజులు గడిచేకొద్దీ ఇంకా బాగా నేర్చుకుంటది."

"మడుసుల మాటలు గూడా మింగుద్దా?"

"మింగదు. నిశ్శబ్దంలో మడుసులుండరు గదక్కా."

హైదరాబాదులో ఒక కంపెనీవాళ్ళు ఆ పెట్టె తయారీలో సాయపడ్డారు. సినిమాకు సగం పెట్టుబడి వాళ్ళదే. బదులుగా, మా ఊళ్ళో మూత నేర్చుకున్నదంతా షూటింగ్ ముగిశాక వాళ్ళకు ఒక కాపీ ఇవ్వాలి.

ఊరంతా మూత వేయాలంటే దానికి ముందు గట్టి పునాది పాఠం ఒకటి చెప్పాలన్నాడు మావయ్య. అందుకు మా పాత బ్యారన్‌ను ఎంచుకున్నాడు. బ్యారన్ అంటే పొగాకు ఆకును వేడి మీద పండబెట్టే ఇటుకల గది. రెండంతస్తుల మేడంత ఎత్తు ఉంటుంది, కిటికీలు ఉండవు. పాత బ్యారన్ కప్పు పాడైతే నాన్న దాని పక్కనే కొత్తది కట్టించాడు. నాన్న లారీ మీద పోతే వారాలకు గాని రాడు. కాబట్టి కొత్త బ్యారన్ కాల్చే పని అమ్మదే.

ఆ రోజు మధ్యాహ్నం పాత బ్యారన్‌లో మావయ్య మైకు నిలబెట్టాడు. కేబుల్ మెలిపడుతుంటే నేను మూలన నిలబడి పట్టుకున్నాను. ఆయన నన్ను ఉండమని చెప్పలేదు, వెళ్ళమనీ చెప్పలేదు. తను మాత్రం తలుపు బయట, పెట్టె దగ్గర నిలబడి హెడ్‌ఫోన్లు పెట్టుకుని కళ్ళు మూసుకున్నాడు. నేను అలవాటుగా నిలబడిపోయాను. ఊపిరి నెమ్మదిగా తీసి నెమ్మదిగా వదిలాను. ఈసారి అరనిమిషం కాదు, చాలాసేపు. కాళ్ళు తిమ్మిరెక్కినా కదల్లేదు. మావయ్య పరువు నా చేతుల్లో ఉన్నట్టు అనిపించింది.

ఆయన కళ్ళు తెరిచి పెట్టె వైపు చూసి, "అబ్బ, ఎంత శుభ్రంగా ఉంది!" అనుకుంటూ వెళ్ళిపోయాడు. నేను కేబుల్ చుట్టి పక్కన పెట్టాను.

షూటింగ్ మొదలైంది. కరెంటు స్తంభాలకు, ఇళ్ళ చూరులకు, బడి గోడలకు, అన్నిచోట్లా గుండీలు అంటించారు. ఊరికి మూత పడింది. మోటార్లు ఆగలేదు, చెట్లు ఊగడం ఆగలేదు, చప్పుడు మాత్రం పోయింది. మాటలు, మనుషులు చేసే చప్పుళ్ళు మాత్రమే మిగిలాయి, కడిగిన గిన్నెల్లా. జనానికి అది మొదట భయంగా, తర్వాత సరదాగా ఉంది.

రెండో రోజు బడిలో సారు హాజరు పిలుస్తున్నారు. నా పేరు వచ్చింది. "ప్రెజెంట్ సార్" అన్నాను. ఆయన తలెత్తకుండా మళ్ళీ పిలిచారు. నేను మళ్ళీ అన్నాను. "రాలేదా?" అని ఆబ్సెంట్ వేసి తర్వాతి పేరుకు వెళ్ళిపోయారు. నా గొంతు అంత చిన్నదని సిగ్గుపడ్డానే గాని, ఇంకేమీ అనుకోలేదు. లేచి చెప్పుకునే ధైర్యం నాకు లేదు.

సాయంత్రం ఇంటికి వచ్చేసరికి అమ్మ పొయ్యి దగ్గర ఉంది. "అమ్మా, ఆకలేస్తంది" అన్నాను. ఆమె తిరగలేదు. మళ్ళీ పిలిచాను. ఏదో కోపంలో ఉందనుకుని భుజం మీద చెయ్యి వేశాను. ఉలిక్కిపడి గరిటె జారవిడిచింది.

"నీ మొహం మండ! దయ్యంలాగా ఆ వచ్చేదేందే? పిలవొచ్చుగా!"

"పిలిచానమ్మా."

నా నోటి వైపు చూసింది. "ఆ నోరాడించేది అమ్మమ్మ దగ్గర ఆడించు. నాకు చెవులుండాయి. గొంతు పెట్టి చెప్పు."

గొంతు పెట్టే చెప్పాను. అమ్మ విసుగ్గా కంచం నా ముందుకు తోసింది.

అన్నం వదిలేసి పెరట్లోకి వెళ్ళాను. పుట్టి బుద్ధెరిగాక ఎప్పుడూ అరవనంత గట్టిగా అరిచాను. గొంతు చీరుకుపోయింది. అరుపు నా దవడల్లో, పుర్రెలో అదురుతున్నట్టు తెలుస్తోంది. బయట మాత్రం ఏమీ లేదు. నా కాళ్ళ దగ్గర గింజలు ఏరుకుంటున్న కోళ్ళు తలైనా ఎత్తలేదు.

అమ్మమ్మ దగ్గరికి పరుగెత్తాను. ఆమెను పిలవాలంటే మంచం కోడు మీద రెండుసార్లు తట్టాలి. చెక్క అదిరితే ఆమె ఒంటికి తెలుస్తుంది. తట్టాను. కళ్ళు తెరిచింది.

"అమ్మమ్మా, నా గొంతు పోయింది."

నా పెదాల వైపు చూసి బోసినోటితో నవ్వింది. "నీకు గొంతు ఎప్పుడుండి చచ్చింది గనక! శుభ్రంగా మాట్లాడతన్నావు గదే."

ఆమెకు నేను మారలేదు. ఊరంతటిలో ఆమె ఒక్కదానికే మారలేదు.

మర్నాడు బడి మానేసి ఊరి బయట మెయిన్ రోడ్డు మీది బస్ షెల్టర్ దాకా నడిచాను. చివరి కరెంటు స్తంభం దాటిన కాసేపటికి గాలి చప్పుడు నాకు వినబడింది. ఆగిపోయాను. "ప్రసూన" అన్నాను. వినబడింది. బీటలు వారిన గొంతే, కాని నాదే. ఆ షెల్టర్ బల్ల మీద కూర్చుని ఎక్కాలు, పద్యాలు, నోటికి వచ్చినదల్లా పైకి చదివాను. అక్కడ అర్థమైంది నాకు, గొంతు నా దగ్గరే ఉందని, ఊళ్ళో దాన్ని ఏదో తినేస్తోందని.

మావయ్య చుట్టూ ఎప్పుడూ మనుషులే. షాట్ మొదలయ్యేటప్పుడు కొట్టే క్లాప్ పలక బల్ల మీద ఉంటే తీసుకుని, సుద్దముక్కతో రాసి ఆయన ముందు పెట్టాను. "మావయ్యా, నా మాట ఎవరికీ వినబడటం లేదు."

ఆయన నవ్వబోయి నా ముఖం చూసి ఆగాడు. నన్ను పాత బ్యారన్‌లోకి తీసుకెళ్ళి మైకు ముందు కూర్చోబెట్టాడు. మూత పెట్టె అక్కడే ఉంది. ఎంత చప్పుడును అణుస్తోందో చూపించడానికి దాని మీద ఒక ఎర్ర ముల్లు ఉంటుంది.

"మాట్లాడు."

"మావయ్యా" అన్నాను. ముల్లు లేచి చివరిదాకా కొట్టుకుంది. ఆయన హెడ్‌ఫోన్లను చెవులకు నొక్కుకున్నాడు. నేను మళ్ళీ పిలిచాను. ముల్లు మళ్ళీ లేచింది. ఆయన హెడ్‌ఫోన్లు తీసి నేల మీద చతికిలబడ్డాడు.

"ఆ రోజు ఇక్కడ పాఠం పట్టేటప్పుడు... నువ్వు లోపలుండావా?"

మూల వైపు చెయ్యి చూపించి, కేబుల్ పట్టుకున్నట్టు పిడికిలి బిగించాను.

"ఊపిరి... నీ ఊపిరి కూడా పాఠంలో పడింది. ఆ కొస పట్టుకుని గొంతు దాకా వచ్చిందది" అని తనలో తను గొణుక్కున్నాడు. తర్వాత నా తల మీద చెయ్యి వేశాడు. "అంత బాగా ఎందుకు నిలబడ్డావే తల్లీ? తుమ్మైనా తుమ్మొచ్చుగా."

తుడిచెయ్యి అన్నట్టు చేతితో గాల్లో తుడిచి చూపించాను. కాకి అరిస్తే షాట్ ఆపమని దర్శకులతో కొట్లాడిన మనిషి, ఇప్పుడు నా కళ్ళలోకి చూడకుండా నేల వైపు చూస్తూ అన్నాడు.

"తుడిస్తే మొత్తం పోద్ది ప్రసూనా. మొదట్నించీ నేర్పాలి. హీరోయిన్ ఈ వారం దాటితే దొరకదు. సినిమా ఇంతటితో ఆగిపోద్ది, నేనూ ఆగిపోతా. ఈ వారం ఒక్కటే. బ్యారన్ సీను అవగానే నా చేతుల్తో నేనే తుడిచేస్తా. అమ్మకు చెప్పబాక, కంగారుపడుద్ది. ఏం?"

నేను తలూపాను. ఎవరితోనూ కాదని అనడం నాకు చేతనయ్యేది కాదు.

ఆ వారం మూత ఇంకా నేర్చుకుంది. మొదట నా అడుగులు పోయాయి. తర్వాత గాజులు పోయాయి. నేను కంచం కింద పెడితే చప్పుడు లేదు, అదే కంచం అమ్మ పెడితే ఉంది. తలుపు నేను తీస్తే కిర్రుమనదు. నేను వచ్చినప్పుడల్లా అమ్మ ఉలిక్కిపడేది. మొదట్లో తిట్టేది. తర్వాత తిట్టకుండా, వింతగా చూడటం మొదలుపెట్టింది. ఒకసారి నేను వెనక నిలబడి ఉండగా తన పని తను చేసుకుంటూ, "ఈ పిల్ల ఇంట్లో ఉంటే లేనట్టే ఉందమ్మా. నాకెందుకో భయంగా ఉంది" అని అమ్మమ్మతో అంది. ఆమె ముఖం నాకు కనబడలేదు.

రోజూ బస్ షెల్టర్ దాకా వెళ్ళి కాసేపు మాట్లాడి వచ్చేదాన్ని. అదొక్కటే ధైర్యం. శుక్రవారం వెళ్ళి బల్ల మీద కూర్చుని నా పేరు చెప్పాను. ఏమీ లేదు. తలెత్తి చూస్తే షెల్టర్ కప్పు కింద కొత్తగా అంటించిన గుండీ ఉంది. చివరి సీను కోసం లారీల రొద ఆపాలని రోడ్డు దాకా మూత జరిపారట.

చివరి సీను ఆదివారం. సినిమాలో రైతు భార్య బ్యారన్ వెలిగించే సీను. హీరోయిన్ పక్కన నిలబడి చూస్తుంటే, నిజంగా బ్యారన్ కాల్చే మనిషి వెలిగించాలని దర్శకుడు మా అమ్మనే నిలబెట్టాడు. మంట బాగా కనబడాలని పొయ్యిలో కట్టెలు మామూలు కంటే ఎక్కువ దట్టించారు. టేక్ మధ్యలో గట్టిగా మాట్లాడుతుందని అమ్మమ్మను అవతలికి తీసుకెళ్ళమన్నారు. నేనే ఆమెను బ్యారన్ వెనక చిన్న చెక్క తలుపుకు ఆనించి, పీట మీద కూర్చోబెట్టాను.

కొత్త బ్యారన్ లోపల నేల పొడుగునా ఇనుప గొట్టాలు ఉంటాయి. బయట పొయ్యిలో మంట పెడితే వేడి వాటిలోంచి వస్తుంది. పైన వరసలు వరసలుగా కర్రలకు ఆకు వేలాడుతుంది. పోయినసారి రాలిన ఎండాకు గొట్టాల మీద మిగిలితే నిప్పంటుకుంటుంది. అందుకే వెలిగించే ముందు దూరి ఏరెయ్యాలి. మా ఇంట్లో ఆ పని నాది. ఎండ వాలిపోతోందని బయట తొందరపడుతున్నారు. ఎప్పటికంటే ముందే వెలిగిస్తారని నాకు ఎవరూ చెప్పలేదు. నేను ఎప్పటిలా దూరాను. నేను ఏరేసి వెళ్ళిపోయాననుకుంది అమ్మ.

మా ఊళ్ళో ఒక అలవాటు ఉంది. వెలిగించే ముందు తలుపు దగ్గర నిలబడి మూడుసార్లు పిలుస్తారు. మూడుసార్లూ జవాబు రాకపోతేనే గడియ వేస్తారు. ఎప్పుడో ఒక కూలి పిల్ల లోపలే నిద్రపోయిందట, అప్పట్నించీ ఉన్న అలవాటట.

నేను అవతలి గోడ దగ్గర, కర్రల కింద పాకుతూ ఉన్నాను.

"లోపలెవురు?" అని అమ్మ పిలిచింది.

"నేనే! వస్తన్నా!" అన్నాను అలవాటుగా.

"లోపలెవురు?"

అప్పుడు గుర్తొచ్చింది. చేతిలోని ఆకు జారిపోయింది. పాకుతూ వెనక్కి తిరిగాను. కర్రకు జడ చిక్కుకుంది. "అమ్మా! నేనున్నా! అమ్మా!" నా పుర్రె మోగిపోతోంది. అంతే.

"లోపలెవురు?"

జడ తెంపుకుంటున్నంతగా లాక్కుని పాకాను. తలుపు సందులోంచి పడుతున్న వెలుగు సన్నబడింది, గీత అయింది, పోయింది. గడియ పడిన చప్పుడు స్పష్టంగా వినబడింది. అది అమ్మ చేసిన చప్పుడు కదా.

తలుపు మీద రెండు చేతులతో బాదాను. మోచేతులతో బాదాను. నా చేతుల చప్పుడును మూత ఎప్పుడో నేర్చేసుకుంది. బయట దర్శకుడి గొంతు, హీరోయిన్ చెప్పే మాట, కట్టెలు చిటపటమనడం, అన్నీ నాకు వినబడుతున్నాయి. గొట్టాలు టిక్కు టిక్కుమంటూ వేడెక్కసాగాయి. నేను ఏరని వైపు, చీకట్లో, ఒక ఎండాకు అంచు ఎర్రబడింది. పొగ వాసన వచ్చింది. ఓణీ తీసి దాని మీద వేసి నొక్కాను. అరచెయ్యి కాలింది. ఇంకొంచెం అవతల, నా చెయ్యి అందని చోట ఇంకో చుక్క ఎర్రబడింది.

మూత గాల్లోని చప్పుడునే తింటుంది. చెక్కలోని అదురును తినదు. ఆ మాట ఆలోచించి తెలుసుకున్నానని చెప్పలేను. అమ్మమ్మ గుర్తొచ్చింది, అంతే. గోడ తడుముకుంటూ వెనక చిన్న తలుపు దాకా పాకి, ఆమె వీపు ఆనే చోటు చూసుకుని రెండుసార్లు తట్టాను. ఆగాను. రెండుసార్లు తట్టాను. మంచం కోడు మీద తట్టినట్టు.

అవతల పీట కదిలింది.

"ఎవురే?" అంది అమ్మమ్మ. మళ్ళీ తట్టాను.

"పిల్ల! ఒరే మాల్యాద్రీ, పిల్ల లోపలుందిరా! మస్తానమ్మా! నా మనవరాలు లోపలుందే!"

"ఎవరది? టేక్‌లో ఎవరది?" అని ఎవరో కేక వేశారు. అమ్మమ్మ వినదు కాబట్టి ఆపలేదు. ఆ వయసులో ఆ చిన్న తలుపు గడియను ఎలా లాగిందో తెలియదు, అమ్మ పరుగెత్తుకు వచ్చేసరికి తలుపు తెరుచుకుంది. నేను బయట పడ్డాను. వెనకే పొగ వచ్చింది. మనుషులు నీళ్ళ బిందెలతో లోపలికి దూరారు.

అమ్మ నన్ను చెంప మీద కొట్టింది. వెంటనే గుండెలకు అదుముకుంది. "పిలిచాను గదే! మూడుసార్లు పిలిచా! ఎందుకు పలకలేదే?"

"పలికానమ్మా" అన్నాను.

అమ్మమ్మ నా పెదాల వైపు చూసి పైకి చెప్పింది. "పలికానంటంది."

అమ్మ నా నోటి వైపు చూసింది. "మళ్ళీ చెప్పు" అంది. చెప్పాను. ఆమె చేతులు నా భుజాల మీద బిగుసుకున్నాయి. మెల్లగా తల తిప్పి, మెడలో హెడ్‌ఫోన్లతో నిలబడి ఉన్న తమ్ముడి వైపు చూసింది.

"నా బిడ్డను ఏం చేశావురా?"

మావయ్య పాత బ్యారన్‌లోకి పరుగెత్తాడు. కాసేపటికి ఊరి మీద మూత లేచిపోయింది. మోటార్లు, కుక్కలు, పిండిమర, అన్నీ ఒక్కసారిగా మీదపడ్డాయి. జనం చెవులు మూసుకున్నారు. ఆ రొద మధ్య నా ఏడుపు నాకు వినబడింది. అమ్మకూ వినబడింది.

మావయ్య అమ్మ కాళ్ళు పట్టుకున్నాడు. మూత నేర్చుకున్నదంతా తుడిచేశానని, ఆ టేక్‌ను కూడా పారేశానని నా తల మీద చెయ్యి పెట్టి చెప్పాడు. కంపెనీకి వెళ్ళవలసిన కాపీ గురించి ఎవరూ అడగలేదు. అడగాలని నాకు తోచింది. గొంతు వచ్చాక కూడా, అలవాటుగా, అడగలేదు.

సినిమా వర్షాకాలంలో విడుదలైంది. అంత సహజమైన శబ్దం మన సినిమాల్లో రాలేదని అందరూ మెచ్చుకున్నారు. మావయ్య పంపిన టికెట్లతో అమ్మ, అమ్మమ్మ, నేను ఒంగోలులో మధ్యాహ్నం ఆటకు వెళ్ళాం. హాలు కొత్తగా బాగు చేశారు. లోపల ఫ్యాన్లు తిరుగుతున్నా చప్పుడు లేదు. బాగుందనుకున్నాను.

కొత్త బ్యారన్ తెర మీదికి వచ్చింది. అమ్మ తెర మీద తలుపు దగ్గర నిలబడింది.

"లోపలెవురు?"

జవాబు లేదు. హాలంతా ఊపిరి బిగబట్టింది. అది పారేశానన్న టేకే. అమ్మమ్మ కేకకు ముందు కోసేసి, మిగతాది ఉంచుకున్నాడు మావయ్య. ఆ చల్లటి, శుభ్రమైన, ఎంతో అందమైన నిశ్శబ్దంలో నేను అరుస్తున్నాను.

పక్కన అమ్మ కొంగు నోట్లో కుక్కుకుని, కళ్ళు గట్టిగా మూసుకుంది. "అమ్మా, లే, పోదాం" అన్నాను.

నా మాట నాకు పుర్రెలో మాత్రమే తెలిసింది.

మళ్ళీ అన్నాను. అరిచాను. ముందు వరుసలో ఎవరూ తిరగలేదు. తలెత్తి చూశాను. తెర వెలుగులో హాలు కప్పు పొడుగునా, చొక్కా గుండీలంత బిళ్ళలు వరసగా మెరుస్తున్నాయి.

"లోపలెవురు?" అని తెర మీద అమ్మ రెండోసారి పిలిచింది.

అమ్మమ్మ కుర్చీ చేతి మీద రెండుసార్లు తట్టాను. ఆమె తిరిగి నా పెదాల వైపు చూసింది. "అమ్మమ్మా, నా గొంతు మళ్ళీ పోయింది" అన్నాను. చూస్తూ చూస్తూ ఆమె ముఖం మారిపోయింది. కుర్చీ పట్టుకుని లేచి నిలబడి, తెర వైపు చెయ్యి చాచింది.

"ఉందే! నా మనవరాలు లోపలుందే! తలుపు వెయ్యబాక!"

"కూర్చో ముసలమ్మా, సినిమా చూడనీ" అని వెనక నుంచి ఎవరో అన్నారు. నలుగురు నవ్వారు.

తెర మీద అమ్మ మూడోసారి పిలిచింది. కాసేపు చెవి ఒగ్గి వింది. గడియ వేసింది.